ఆమె కుర్చీల నేను కూసున్న

పొద్దుగాల పొలం కాడికి పోదామని చెప్పులు తొడుక్కుంటుంటే ఫోన్ మోగింది. చూస్తే మలబారీ కెమెరా అన్న. మస్కట్ల ఇద్దరం ఒకటే కంపెనీల పనిచేసినం. ఇప్పుడాయన కేరళల మనుమలను ఆడిచ్చుకుంట ఉంటుండు. ఫోన్ చేస్తే షుగరు, మోకాళ్ల నొప్పులు, గంతకంటె మాకు ముచ్చట్లుండయ్. "రాజం భాయ్, మన ఖాలా పోయింది" అన్నడు హిందీల. ఖాలా అంటే చిన్నమ్మ. సెట్టు మీద అందరం ఆమెను గట్లనే పిలుస్తుంటిమి.

చెప్పులిడిచి గడపల కూసున్న. "టీవీల చెప్పిన్రా?" అనడిగిన.

"చెప్పిన్రు. అందరు ఒకటే వీడియో పంపుకుంటున్రు. గదే సీను."

ఏ సీనో ఆయన చెప్పలే, నేను అడగలే. చేతుల కాఫీ ట్రే పట్టుకొని, దర్వాజ కాడ నిలవడి, "నేను నీ తల్లిని కాదు బిడ్డా, ఈ ఇంటి పనిదాన్ని" అంటది చూడు, ఆ సీను. ఒమన్ల ఆ కాలం ఆడోళ్లకు ఆ మాట ఇప్పటికీ నోట్లెనే ఉంటది. "థూ! సచ్చినంక గూడ ఆమెను నిలవెట్టే ఉంచిన్రా?" అన్న. నాకు ఏడుపు రావాలె గని కోపమొచ్చింది. ఇన్నేండ్లయినా ఆ కోపం పోతలేదు.

నేను పోయింది కరెంటు పనికి. మా మెట్‌పల్లి దిక్కు నుంచి పోయినోళ్లంత సైట్ల మీద ఎండల మాడుతుంటే, నన్ను మా కఫీల్, అంటే వీసా ఇచ్చిన అరబ్బు, టీవీ నాటకాలు తీసే కంపెనీకి పంపిండు. మస్కట్ల మత్రా అనే జాగల, కొండల ఎనుక పెద్ద గోదాం. అండ్ల ప్లైవుడ్ గోడలు, ఉత్తుత్త కిటికీలు, అద్దెకు తెచ్చిన పరుపులు, తివాచీలు. మధ్యాహ్నం దుకాణాలు మూసి మొగోళ్లు ఒరిగినంక, ఇంట్లె ఆడోళ్లు టీవీ ముంగట కూసునే యాళ్లకు వచ్చే నాటకాలు అక్కడ తీస్తుండ్రి. తొంభైల మొదట్ల ముచ్చట. నేను లైట్లు మోస్తుంటి, ఎక్కిస్తుంటి, బిగిస్తుంటి. "నీకేందిరా, నీడల పని" అని రూమ్‌ల మావోళ్లు కుళ్లుకుంటుండ్రి. ఆ లైట్ల కింద అరగంట నిలవడితే తెలుస్తుండె వాళ్లకు నీడ సంగతి.

ఖాలా పొడుగు మనిషి. నలుపు. నా అసొంటి నలుపు కాదు, ఇంకా నిగనిగలాడే నలుపు. పుట్టింది ఆఫ్రికా పక్కన జంజిబార్ దీవిల. ఆడ గడబిడలైనప్పుడు వీళ్ల కుటుంబం పడవెక్కి ముత్తాతల దేశం ఒమన్‌కు వాపసొచ్చింది. గుజరాతీ కొట్టోళ్ల పక్కన పెరిగిందట, హిందీ మస్తు మాట్లాడేది. "ఆడ మమ్మల్ని అరబ్బులన్నరు, ఈడ జంజిబారోళ్లంటున్రు. నడుమ సముద్రంల ఉన్న దినాలే మేం మనుషులం" అని నవ్వేది. ఆ నవ్వుకు గోదాం రేకులు అదురుతుండె. ఆ దేశంల ఆడోళ్లు టీవీల కనవడుడే తప్పనుకునే కాలంల ముందుకొచ్చిన నలుగురైదుగురిల ఈమె ఒకతి. నల్లటోళ్లల్ల ఈమెనే మొదలు. బహ్లా అనే ఊర్లె ఉండే సొంత అన్న ఈమె కనవడ్తదని ఇంట్లె టీవీయే పెట్టుకోలేదు.

గేటు కాడ కొత్త వాచ్‌మన్ వచ్చినప్పుడల్ల ఒక తమాషా జరుగుతుండె. ఖాలా ముందు దర్వాజ కాడికి రాంగనే, "పనోళ్లు ఎనుకనుంచి" అని చెయ్యి చూపెట్టేటోడు. ఆమె కోపానికి రాకపోయేది. "సరే బేటా. మీ రూమ్‌ల టీవీ ఉన్నదా? రేపు మధ్యాహ్నం చూడు" అనేది. అని అక్కడ్నే నిలవడేది. ఎంత ఎండయినా, ఎవరన్న లోపట్నుంచి వచ్చి ముందు దర్వాజ తీసేదాక కదలకపోయేది. ఎనుక దర్వాజ నుంచి ఆమె లోపటికి వచ్చుడు నేనెన్నడూ చూడలే.

వస్తే ఏమున్నది, పాత్ర మాత్రం ఒకటే. పనిమనిషి. ఇల్లు మారుతుండె, నాటకం మారుతుండె, హీరోయిన్లు మారుతుండ్రి, ఖాలా చేతుల ట్రే మారకపోయేది. కంపెనీ మేకప్ పెట్టెల ఆమె ఒంటి రంగే లేకుండె. ఉన్నది పూస్తే పెండ్లికి సున్నమేసిన గోడ లెక్క అయితుండె మొఖం. అందుకే తన డబ్బీ తనే తెచ్చుకునేది, ఏమేమి కలిపేదో ఎవలకు చెప్పకపోయేది. ఏసీ రూమ్ హీరోయిన్‌కు ఒకటి, పెద్ద నటులకు ఒకటి. ఖాలాకు లైట్ల పెట్టె. దాన్ని బోర్లేసుకొని మా పక్కన కూసుంటుండె. మా మామిడికాయ తొక్కు అంటే పాణం. రొట్టెల పెట్టుకొని తిని, కండ్లల్ల నీళ్లు కారంగ "ఇంకొంచెం" అని చెయ్యి సాపేది.

ఒకనాడు మా అమ్మమ్మ మాట చెప్పిన ఆమెకు. మా ఊర్లె నన్ను కర్రెరాజం అంటుండ్రి, చిన్నప్పుడు నేనేడిస్తే మా అమ్మమ్మ "నలుపు నారాయణుడు మెచ్చు బిడ్డా" అని ఊకుంచేది. నారాయణుడెవలో, ఎందుకు మెచ్చుతడో అంతా చెప్పిచ్చుకున్నది. చెప్పిచ్చుకొని, "మంచోడే. మరి ఆయన టీవీ కంపెనీల ఎందుకు పనిచేస్తలేడు?" అన్నది. పక్కనున్న మలబారీ అన్నకు పొలమారింది.

ఇంకొకటి. కెమెరా షురూ చేసే ముందు దాని ముంగట తెల్లకాగితం పెడ్తరు. ఏది తెలుపో కెమెరాకు చూపిస్తే, మిగిలిన రంగులన్ని అది లెక్క వెట్టుకుంటది. దినాం ఆ కాగితం పెట్టంగనే ఖాలా చెయ్యెత్తి దానికి సలాం కొట్టేది. "ముందు పెద్దాయనకు సలాం. నల్లకాగితం ఎన్నడు పెడ్తవ్ భాయీ?" అని మలబారీ అన్నను ఆడుకునేది. ఆయన సిగ్గుపడి నవ్వేటోడు.

కాఫీ సంగతి చెప్పకపోతే ఖాలా కథ చెప్పినట్టే కాదు. ఒమన్‌ల ఇంటికొచ్చినోళ్లకు ఏలక్కాయలేసిన కాఫీ పోస్తరు. నాటకంల పోసేది ఉత్త నీళ్లే, ఒక్కొక్కసారి అదీ ఉండది, ఖాళీ కెటిలే. ఆమె ఒప్పుకోకపోయేది. పొగలొచ్చే కాఫీ నింపితెనే ట్రే ఎత్తేది. "ఖాళీది పట్టుకుంటే చెయ్యి అబద్ధం చెప్తది. పనిదాన్నే చేస్తున్న, సరే. అబద్ధం పనిదాన్ని ఎందుకు చేయాలె?" అనేది. ఏలు కాలితే నోట్లె పెట్టుకొని మల్ల ఎత్తేది.

ఇగ అసలు ముచ్చటకొస్త. నటులు రాకముందు వాళ్ల జాగల ఎవలనన్న నిలవెట్టి లైట్లు సరిచేస్తరు. ఆ వేడిల వాళ్లెందుకు ఉడకాలె అని. హీరోయిన్ జాగల మేకప్ పిల్ల నిలవడేది, పాలలెక్క ఉంటుండె. ఖాలా జాగల ఎన్నడు ఎవలు నిలవడలే. ఎందుకంటే ఆమెకు లైటు పెట్టుడే లేకుండె. హీరోయిన్ మీద పడ్డ దాంట్ల మిగిలింది ఆమెకు. ఆమె అటు నడుస్తుంటే టీవీల కండ్లు, పండ్లు, ట్రే, గివే కనవడుతుండె.

ఒకసారి పక్క దేశం నుంచి కొత్త డైరెక్టరొచ్చిండు. ఖాలా గొంతు రేడియోల ఇన్నడట. "తల్లి పాత్ర ఈమెకే" అన్నడు. పనిమనిషి కాదు, హీరోయిన్‌కు తల్లి, పెద్ద బంగళాకు యజమాని. ముదీర్, అంటే మా మేనేజర్, మొఖం ముడుచుకున్నడు గని అప్పటికి ఏమనలే. డైరెక్టర్ ఆ పాత్రకని ఒక కుర్చీ తెప్పిచ్చిండు. మత్రా బజార్ల ఓ సేటు దుకాణం నుంచొచ్చింది, పెద్ద వీపుది, చెక్కుడు పనిది, పచ్చటి మఖమల్. "ఆమె మొఖం నాకు కనవడాలె. ఆమె రంగుకు దగ్గరున్నోన్ని పిలువుండ్రి" అన్నడు.

గోదాం గోదాం నా దిక్కు మల్లింది. "ఓ కాలా! ఇటు రా" అన్నడు ముదీర్. కాలా అంటే నల్లోడు.

పుట్టినకాడి నుంచి ఈ రంగుతోని తిట్లు తిన్న గని, పని దొరుకుడు గిదే మొదలు. ఖాలా నెత్తికి కప్పుకునే పూల చద్దరు నా మీద కప్పి కుర్చీల కూసోవెట్టిన్రు. మీసాలున్న మెట్‌పల్లి మొగోడు, ఒమన్ దొరసాని. కార్పెంటర్లు కడుపు పట్టుకొని నవ్విన్రు. మలబారీ అన్న ఒక లైటు ఎత్తించి, ఒకటి దించి, థర్మకోల్ ముక్కను పక్కన నిలవెట్టి ఎలుగును మల్లించిండు. అప్పుడు నా చెంప ఎముక, ముక్కు గీత, అన్ని ఒక్కొక్కటి తేలినయ్. ఖాలా లోపటికొచ్చి నన్ను చూసింది. "యా అల్లా! నాకు మీసాలెప్పుడొచ్చినయ్?" అని దగ్గరికొచ్చి చిటికేసి, "లే, నా కుర్చీ" అన్నది. ఆ దినం నుంచి అది మాకు ఆట. దినాం నేను కూసునుడు, ఆమె రాంగనే "లే, నా కుర్చీ" అనుడు.

మొదటి సీనయినంక డైరెక్టర్ ఆమెను పిలిచి మానిటర్ చూపిచ్చిండు. బుగ్గ మీది ముడుత, కంటి కొసకు తడి, పెదవి కింద చిన్న మచ్చ, అన్ని ఉన్నయ్. ఖాలా ఏలుతోని ఆ అద్దాన్ని ముట్టింది. "ఇది మా అమ్మ మొఖం" అన్నది.

ఆనాడు బువ్వ తినేటప్పుడు చెప్పింది నాకు. ఆమెకొక మనుమరాలుండె, బళ్లెకు పోయే పిల్ల. బళ్లె పిల్లలు దాన్ని "పనిదాని మనుమరాలా, కాఫీ తే" అంటుండ్రట. టీవీల చూస్తరు కద మరి. పిల్ల ఇంటికొచ్చి బువ్వ తినకుంట పండుకునేదట. "ఇన్నేండ్లు ట్రే మోసిన భాయీ. నాకు సిగ్గులేదు, అది పనే. కని దానికి చెప్పిన, ఈసారి మీ దాదీ కూసుంటది, వేరేటోళ్లు ట్రే తెస్తరు అని. అది బళ్లె అందరికీ చెప్పుకున్నది. ఒక్కసారి కూసున్నది చూస్తే చాలు దానికి. ఇగ నాకేం వద్దు." నేను తొక్కు సీసా ఆమె దిక్కు జరిపిన, ఇంకేం చేయాలె.

కొన్ని భాగాలు తీసినం. హీరోయిన్ ఆమె ఒడిల తలకాయ పెట్టి ఏడ్చింది. పనిపిల్ల పాత్రల ఓ తెల్లటామె ట్రే తెచ్చిచ్చింది. ఖాలా కాఫీ తాగింది, గిన్నె జర ఊపింది, చాలు ఇగ పోయకు అన్నట్టు. అక్కడి పెద్దింటోళ్లు గట్లనే ఊపుతరు. ఆ ఊపుడు ఆమె ఎంత సంబురంగ ఊపిందో!

ఒకనాడు పన్నెండు కాకముందే ముదీర్ వచ్చిండు. ఎనుక డైరెక్టర్, తలకాయ కిందికేసుకొని. పైసలు పెట్టేటోళ్లు టేపులు చూసిన్రట. "తల్లి గట్ల, బిడ్డ గిట్లనా? ఇంటింట నవ్వుతరు" అన్నరట. ముదీర్ దాన్ని చిన్న మార్పు అన్నడు. అసలు తల్లి పురిట్లెనే సచ్చింది, ఈమె ఆ పిల్లను సాదిన పనిమనిషి. కుర్చీల కూసున్న సీన్లు తీసేస్తరు, ఒకటే కొత్త సీను. అండ్ల ఈమె తన నోటితోనే చెప్పాలె, నేను నీ తల్లిని కాదని.

ఖాలా అప్పుడు కుర్చీలనే ఉన్నది. "నేను చెప్పనంటే?" అన్నది.

"నాటకం ఆగది ఖాలా" అన్నడు ముదీర్, గొంతు మెత్తగ చేసుకొని. "వేరేటామె వస్తది. నువ్వే మల్ల రావు."

ఆమె డైరెక్టర్ దిక్కు చూసింది. ఆయన కాగితాలు తిరగేసిండు. ఎంత పెద్ద మాటలు చెప్పిండో మొదట్ల! నాకు వాన్ని చూస్తే ముదీర్ మీదికంటె ఎక్కువ మండింది. ముదీర్ మనిషి ఏందో ముందే ఎర్కనాయె.

"ఓ కాలా! ట్రే పట్టుకొని దర్వాజ కాడ నిలవడు, లైటు చూడాలె" అని ఒర్రిండు ముదీర్. నేను కదలలే. మల్ల ఒర్రిండు, వీసా కొట్టిపిస్త అన్నడు. అయినా కాళ్లు లేవలే. అప్పుడు ఖాలా కుర్చీల నుంచి లేచింది. చద్దరు తీసి నా నెత్తి మీద తనే కప్పింది.

"పో భాయీ" అన్నది. "లైటు మంచిగ పెట్టిపియ్యి. మల్ల నన్ను చీకట్ల నిలవెట్టకు."

పోయి నిలవడ్డ. ట్రేల కాఫీ నిండుగున్నది, ఎవలో అలవాటు కొద్ది నింపిన్రు. లైటు నా కండ్లల్ల కొడుతుంటే నీళ్లు కారినయ్, లైటుకే అనుకున్నరు అందరు. మలబారీ అన్న గూడ కెమెరాల నుంచి కన్ను తియ్యలే. థర్మకోల్ ముక్కను ఎంతసేపు సదిరిండో, ఎంత సదిరినా ఆయనకు కుదరలే.

తెల్లకాగితం పెట్టిన్రు. ఆనాడు ఆమె సలాం కొట్టలే.

ఒకటే సారి చెప్పింది. ఒర్రలే, ఏడ్వలే. బజారుకు పోయొస్త అన్నట్టు చెప్పింది. హీరోయిన్‌కు ఏడ్వుమని రాసిలేదు, గని ఆ పిల్ల నిజంగనే ఎక్కెక్కి ఏడ్చింది. డైరెక్టర్ "కట్" అననే లేదు. ఖాలానే ట్రేను కింద పెట్టింది. కాలిన ఏళ్లను చద్దరుకు తుడుచుకొని, కుర్చీ పక్కనుంచే నడిచి, ఎనుక దర్వాజ తీసుకొని బయటికి పోయింది.

ఆ సీన్‌తోని నాటకం మోగిపోయింది. మత్రా బజార్ల ఆడోళ్లు ఆమె చేతులు పట్టుకొని ఏడుస్తుండ్రి. "పనిదాని పాత్ర నీ అంత మంచిగ ఎవలు చేస్తరు ఖాలా!" అంటుండ్రి. ప్రేమతోనే అన్నరు, అదే కద ఏడుపు. ఆ దెబ్బతోని ఆమెకు వచ్చిన ప్రతి పాత్ర పనిదానిదే అయింది. మోకాళ్లు ఆగమయ్యేదాక ట్రే మోసింది. పాత సీన్ల టేపుల మీద కంపెనోళ్లు వేరే నాటకం ఎక్కిచ్చిన్రు. అప్పట్ల టేపులు పిరం, తుడిచి మల్ల వాడుకునుడు మామూలే. ఆమె కుర్చీల కూసున్నది గట్ల మాయమైంది.

మనుమరాలు ఏమన్నదని ఒకసారి అడిగిన. అడుగకుంటే బాగుండు. "టీవీ బంద్ చేసి నా దగ్గరకొచ్చింది" అన్నది ఖాలా. "'దాదీ, ఆమె నీ బిడ్డ కాదా?' అన్నది. 'కాదమ్మా, అది నాటకం' అన్న. 'మరి ట్రే?' అన్నది. 'ట్రే గూడ నాటకమే' అన్న. నమ్మలే."

నేను వీసా ఖతం చేసుకొని ఊరికి వాపసొచ్చేటప్పుడు కలిస్తే, హల్వా డబ్బా చేతుల పెట్టి ఒక మాటడిగింది. "మీ దేశంల టీవీల నల్లటోళ్లు కూసుంటరా?" మా సీరియళ్లల్ల దొరసాన్లందరు గోధుమపిండి పూసినట్టుంటరు, వాకిలి ఊడిసేది మాత్రం మా ఇంటామె అసొంటి నల్లటామె. "కూసుంటరు ఖాలా" అన్న. ఆమె నా మొఖం చూసి నవ్వింది. "నీకు నాటకం రాదు భాయీ" అన్నది.

మలబారీ అన్న ఫోన్ చేసిన మరుసటి వారం ఒక వీడియో పంపిండు. ఆయన కొడుకు ఇంట్లె పాత క్యాసెట్లను ఫోన్‌లకు ఎక్కిస్తుంటే ఒకటి దొరికిందట. నాటకం కాదు, లైట్లు సరిచేసినప్పుడు తీసి చూసుకున్న ముక్క. మా ఇంటామెను పిలిచి పక్కన కూసోవెట్టుకున్న. ఇన్నేండ్లు చెప్పుడే గని చూపిచ్చింది లేదాయె.

పచ్చ కుర్చీ. అండ్ల నేను, నెత్తి మీద పూల చద్దరు. మా ఇంటామె నోటికి కొంగడ్డం పెట్టుకొని నవ్వింది. "గిదేం యేషమయ్యా! ఆమె ఏది?"

"ఆగు, వస్తది" అన్న.

వీడియోల ఎవలో దగ్గిన్రు. చిటిక ఇనవడ్డది. ఎంబడే ఆ గొంతు, గోదాం నిండిన గొంతు. "లే, నా కుర్చీ." నేను గబుక్కున లేచి, చద్దరు తీసి, పక్కకు జరిగిన. కుర్చీ ఖాళీగున్నది. దాని మీద లైటు మంచిగ పడ్డది.

"ఇగొ, ఇప్పుడు చూడు, కూసుంటది" అన్న మా ఇంటామెతోని.

వీడియో అక్కడ్నే అయిపోయింది.